పరుపుల బజారుకు రైలొచ్చిన ఏడు

"నడిపేది రైలే కదా? రైలు డ్రైవరని చెప్తే తప్పేముండాది?" అంది అరుణజ్యోతి.

పెంచల్‌కు ఒళ్ళు మండింది. "అది రైలు కాదే తల్లీ! బ్యాటరీ మీద నడిచే బొమ్మ బండి. పట్టాలు లేవు, పాడు లేదు. పిల్లోళ్ళు ఎక్కి ఐస్‌క్రీమ్ తినే బండి. మీ అన్నకు ఫోన్ చేసి అట్లెందుకు చెప్పినావు? ఊళ్ళో అందరూ నవ్వుతాండారు."

"నవ్వేదెవురు? మీ నాయనైతే సంబరపడి ఇరుగుపొరుగోళ్ళకు మిఠాయి పంచినాడంట."

ఆ మాట విని పెంచల్ తల పట్టుకున్నాడు. అతని పెళ్ళాం అరుణజ్యోతి కువైట్‌లో, ఫింటాస్‌లో ఒక కువైటీ ఇంట్లో పనిచేస్తుంది. శుక్రవారం మధ్యాహ్నం ఆమెకు సెలవిస్తే, పెంచల్ బస్సెక్కి వస్తాడు. ఇద్దరూ సముద్రపు గట్టు మీద కాసేపు కూర్చుంటారు. వారానికొకసారి దొరికే ఆ రెండు గంటలూ ఈ దిక్కుమాలిన రైలు గొడవతోనే గడిచిపోతున్నాయి.

"మా మామా కూడా అడిగింది. పిల్లోళ్ళను తోలుకొని వస్తాదంట, నీ రైలెక్కాలంట" అంది ఆమె. యజమానురాలిని ఆ ఇంట్లో పనివాళ్ళంతా మామా అనే పిలుస్తారు.

"రమ్మను. మహారాజుగా రమ్మను" అన్నాడు పెంచల్, సముద్రం వైపు తిరిగి.

పెంచల్‌ది నందలూరు. వాళ్ళ నాయన అక్కడి లోకో షెడ్డులో బాయిలర్లు బాగుచేసినవాడు. ఆవిరి ఇంజన్ల కాలంలో ఆ ఊరికి గడియారం షెడ్డు కూతే. కూత వినబడితే జేజి, అంటే నాయన తల్లి, పొయ్యి మీద ఎసరు పెట్టేది, హోటళ్ళవాళ్ళు పెనం వేడి చేసేవాళ్ళు, పిల్లలు పుస్తకాల సంచులు వెతుక్కునేవాళ్ళు. ఆవిరి ఇంజన్లు పోయాయి, షెడ్డూ మూతపడింది. రైళ్ళు ఊరి మీదుగా పోతూనే ఉన్నాయి గానీ ఊరికి వాటితో పని తగ్గిపోయింది. పెంచల్ ఈడువాళ్ళు ఒక్కొక్కరే కువైట్ దారి పట్టారు. అతనూ వచ్చాడు. ఒక ఇంట్లో డ్రైవరుగా చేశాడు. తరువాత ఇఖామా అనే నివాస అనుమతి మార్చుకుని దజీజ్ గోదాముల్లో ఫోర్క్‌లిఫ్టు నడిపాడు. ఆ గోదాము మూసేశాక, అల్ రాయ్‌లో ఒక బజారులో డ్రైవరు కావాలంటే వెళ్ళాడు. ఏం బండి అని అడిగే తెలివి ఆ రోజు లేకపోయింది.

కార్ల షోరూములూ వర్క్‌షాపులూ దాటి లోపలికి వెళ్తే ఆ బజారు వస్తుంది. పొడవాటి రేకుల కప్పు, దాని కింద ఒకటే నడవ, రెండు పక్కలా అంగళ్ళు. పరుపులు, మంచాలు, సోఫాలు, తివాచీలు, కర్టెన్లు. కార్లు ఆపుకునే చోటు ముందు గేటు దగ్గరే ఉంది. వెనక గేటు దాకా నడవాలంటే ఆరోగ్యవంతుడికే ఆయాసం వస్తుంది. కొనడానికి వచ్చినవాళ్ళు సగం దూరం వచ్చి, అక్కడ మునాఫ్ టీ కొట్టులో ఒక టీ తాగి, వెనక్కి మళ్ళేవాళ్ళు. వెనక అంగళ్ళవాళ్ళు ఈగలు తోలుకుంటూ కూర్చునేవాళ్ళు. అందుకని బజారు యజమాని అబూ మిషారి అనే ముసలాయన, ఎక్కడో మూతపడిన పిల్లల పార్కు నుంచి ఒక బొమ్మ రైలు కొనుక్కొచ్చాడు. నల్ల రంగు ఇంజను, దానికి ప్లాస్టిక్ పొగగొట్టం, వెనక మూడు పెట్టెలు. మీట నొక్కితే కూత వస్తుంది. పొగ రాదు.

మొదటి రోజుల్లో పెంచల్ ప్రాణం తోడింది ఒకే ఒక్క ప్రశ్న.

"ఎప్పుడు కదుల్తుంది?"

అరబ్బీలో అడిగేవాళ్ళు, హిందీలో అడిగేవాళ్ళు, మలయాళంలో అడిగేవాళ్ళు. నిండితే గానీ కదలకూడదని మేనేజరు హుసామ్ హుకుం. ఆయన ఈజిప్టు మనిషి, మంచివాడే గానీ బ్యాటరీ ఖర్చంటే ఆయనకు ప్రాణం పోయినంత బాధ. పది మంది ఎక్కి కూర్చుంటారు. మరో పది మంది వచ్చేలోగా ఎక్కినవాళ్ళకు విసుగొచ్చి దిగిపోతారు. ఈలోగా కొత్తవాళ్ళు వచ్చి మళ్ళీ అదే ప్రశ్న. రైలు కదలదు, ప్రశ్న ఆగదు.

నాయనకు ఫోన్‌లో చెప్పుకున్నాడు. ముసలాయన మండిపడ్డాడు. "నిండితే కదిలేది బస్సు. రైలన్నాక టైముకు కదలాల, ఎక్కినోడు ఎక్కుతాడు, మిగిలినోడు మిగుల్తాడు. అంత మాత్రం తెలీకుండా డ్రైవరెట్లయినావురా?"

ఇటు నుంచి హుసామ్, అటు నుంచి నాయన. మరుసటి రోజు పెంచల్ ఒక పరుపు పెట్టె అట్ట చింపి, లావు పెన్నుతో వేళలు రాసి ఇంజను ముందు తగిలించాడు. ముందు గేటు నుంచి గంట కొట్టినప్పుడూ అరగంటకూ. వెనక గేటు నుంచి పావుకీ ముప్పావుకీ. ఆ వేళకు ఇద్దరున్నా సరే, ఎవరూ లేకపోయినా సరే, కూత కూసి కదిలాడు.

హుసామ్ పరిగెత్తుకొచ్చాడు. "ఖాళీ బండి ఎక్కడికి తీసుకుపోతున్నావు? నీకేమైనా పిచ్చా?"

"సార్, ఎప్పుడు కదుల్తుందని జవాబు చెప్పడానికి ఇంకో మనిషిని పెట్టండి. అప్పుడు నిండేదాకా ఆపుతా" అన్నాడు పెంచల్ తనకొచ్చిన అరబ్బీలో.

హుసామ్ అట్ట పీకేయబోయాడు. అప్పటికే ఇద్దరు కువైటీ ఆడవాళ్ళు దాన్ని చదివి, మరో పది నిమిషాలుందని పక్క అంగట్లో దిండ్లు చూస్తున్నారు. అది చూసి చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

ఆ అట్ట ముక్క చేసిన గొడవ అంతా ఇంతా కాదు. రైలు వేళ తెలిశాక జనం వెనక గేటు దాకా రావడం మొదలుపెట్టారు. ఈగలు తోలుకున్న అంగళ్ళకు దీపాలు పెరిగాయి. కర్టెన్లు కుట్టే ఒక సిరియా ఆయన, ఇన్నాళ్ళూ ఒక్క మిషనుతో నెట్టుకొచ్చినవాడు, మరో రెండు మిషన్లు కొని మనుషుల్ని పెట్టుకున్నాడు. ఇంతవరకూ బాగానే ఉంది. ఆ తరువాత, ఒకరిని చూసి ఒకరు, రైలును బట్టే అన్నీ చేయడం మొదలుపెట్టారు. పన్నెండున్నర కూతకు అన్నాలకు లేచేవాళ్ళు. "ఈ కూతకు వస్తాను, పైకూతకు పంపిస్తాను" అని ఫోన్లలో చెప్పుకునేవాళ్ళు.

రైలు రాకముందు ఆ బజారులో ఆలస్యం అనే మాటే లేదు. పొద్దున అన్న పని సాయంత్రానికయితే అయినట్టే లెక్క. ఇప్పుడు పెంచల్ ఐదు నిమిషాలు అటూ ఇటూ అయితే చాలు, సిరియా ఆయన అంగడి ముందుకొచ్చి ఫోన్‌లో టైము చూపిస్తూ నిలబడతాడు.

"నాకు గిరాకీ పోయింది. ఎందుకు లేటు?"

"దారిలో ఎవరో సోఫా అడ్డం పెట్టినారు."

"సోఫా సంగతి నాకెందుకు? నీ బోర్డు మీద పావు అని ఉంది."

అది రాసింది తన చెయ్యే కాబట్టి పెంచల్ నోరు మూసుకునేవాడు. రూముకొచ్చాక మాత్రం గోడతో పోట్లాడేవాడు.

రూము ఫర్వానియాలో. అందులో నలుగురు. వాళ్ళలో పెద్దవాడు సిద్ధయ్య, చిట్వేలి మనిషి. పెంచల్‌ను ఈ బజారుకు తీసుకొచ్చి పెట్టిందీ ఆయనే. బజారులో సరుకు మోసే తోపుడు బండ్లను అరబానా అంటారు. వెనక అంగట్లో మంచం కొంటే, దాన్ని అరబానా మీద వేసుకుని ముందు గేటు దగ్గరి కారు దాకా తోసుకుపోవడం సిద్ధయ్య పని. ఆయనలాంటివాళ్ళు ఇరవై మంది దాకా ఉండేవాళ్ళు. సగం దారిలో మునాఫ్ కొట్టు దగ్గర ఆగి, టీ తాగి, మళ్ళీ తోసేవాళ్ళు. రాయచోటి పిల్లవాడు మునాఫ్‌కు నిజమైన బేరం వాళ్ళే.

ఒక రోజు వెనక గేటు దగ్గర తివాచీల వ్యాపారి, చుట్టిన తివాచీ ఒకటి తెచ్చి ఆఖరి పెట్టెలో పడేశాడు.

"ఇది మనుషులెక్కేది సార్" అన్నాడు పెంచల్.

"మనుషులెవరూ లేరుగా! యల్లా, పోనీ, ముందు గేటు దగ్గర మావాడు దించుకుంటాడు."

ఆ రోజు ఒక తివాచీ. మరుసటి రోజు నాలుగు. వారం తిరిగేసరికి పరుపులు, దిండ్ల మూటలు, విడదీసిన మంచాలు. వద్దని పెంచల్ చెప్పే కొద్దీ ఎక్కువయ్యాయి. విషయం అబూ మిషారి చెవిన పడింది. ఆయన సంతోషపడి ఆఖరి రెండు పెట్టెల్లోనూ బెంచీలు పీకించేశాడు. పిల్లల రైలు కాస్తా గూడ్సు బండి అయింది. ముందు పెట్టెలో ఐస్‌క్రీములు, వెనక పరుపులు.

సిద్ధయ్య పెంచల్‌తో మాట్లాడటం మానేశాడు.

మొదట పెంచల్ గమనించలేదు. అన్నం వేరుగా వండుకుంటుంటే ఒంట్లో బాగాలేదేమో అనుకున్నాడు. చివరికి తానే అడిగాడు.

"ఏంది సిద్ధన్నా, నా మీద కోపమా?"

"నీ మీద నాకేం కోపం? రైలు డ్రైవరువు. మేం బండ్లు తోసుకునేటోళ్ళం."

"అది నేను పెట్టిన పనా? వద్దు వద్దంటానే ఉండా. వాళ్ళు ఎత్తి పడేస్తాండారు. దిగి మోస్తానా వెనక్కి?"

"నువ్వు టైము బోర్డు పెట్టకపోయింటే ఆ బండికి ఈ పాటికి దుమ్ము పట్టేది. పిల్లోళ్ళు నాలుగు దినాలు ఎక్కి మానేసేవాళ్ళు. దాన్ని నిజం రైలు చేసింది నువ్వే."

పెంచల్‌కు చిన్నప్పుడు జేజి చెప్పిన మాట గుర్తుకొచ్చింది. జేజి మామగారి తాతకు ఎద్దుల బండ్లు ఉండేవట. తమలపాకు గంపలేసుకుని మద్రాసు దాకా తోలేవాడట. పోయి రావడానికి ఒక పక్షం పట్టేది, దారిలో సగం ఆకు కుళ్ళిపోయేది. రైలు పడిన ఏడు బండ్లు అమ్ముకుని ఏడ్చాడట. ఆ తరువాత చూస్తే పొద్దున కోసిన ఆకు మరుసటి రోజుకే మద్రాసు చేరుతోంది. ఊరూరా తమలపాకు తోటలు లేచాయి. తోటల నుంచి స్టేషనుకు ఆకు తోలడానికి బండ్లు చాలక, ఆయన మళ్ళీ ఎద్దుల్ని కొన్నాడట. ఇదంతా సిద్ధయ్యకు చెప్పాడు.

సిద్ధయ్య ఓపిగ్గా విన్నాడు. "మళ్ళీ కొన్నాడు సరే. అమ్మినాక కొనేలోపల ఆయన పెళ్ళాం బిడ్డలు ఏం తిన్నారో చెప్పిందా మీ జేజి?"

జేజి ఆ సంగతి చెప్పలేదు. పెంచల్ దుప్పటి ముసుగుపెట్టాడు.

ఇటు సిద్ధయ్య ఇలా ఉంటే, అటు మునాఫ్ ఇంకో రకం. రైలు వాడి కొట్టు ముందు నుంచి ఆగకుండా పోతుంది. నడిచేవాళ్ళు లేరు, తోసేవాళ్ళు తగ్గారు, టీ ఎవరికీ అక్కర్లేదు. రైలు వచ్చినప్పుడల్లా వాడు గ్లాసు పట్టుకుని పక్కనే నడిచేవాడు.

"అన్నా, ఈడ ఒక్క నిమిషం ఆపన్నా. నీకు టీ ఊరకే ఇస్తా."

"నేను ఆపితే లేటయితాది మునాఫూ. ఆ సిరియా ఆయన నన్ను బతకనీడు."

"రైలు నీ చేతిలో ఉండాదన్నా!"

"నా చేతిలో స్టీరింగు ఉండాది. రైలు నా చేతిలో యాడుండాది?" అని అరిచేవాడు పెంచల్. మునాఫ్ మొహం చిన్నబుచ్చుకుని గ్లాసుతో వెనక్కి పోయేవాడు. మధ్య అంగళ్ళవాళ్ళు కూడా అలాగే తగులుకున్నారు. ముందు గేటుకూ వెనక గేటుకూ బేరాలు పెరిగి, తమవి ఎండిపోతున్నాయని వాళ్ళ గోల. హుసామ్ దగ్గరకు పోతే డ్రైవర్ని అడగమంటాడు. డ్రైవరు హుసామ్‌ను అడగమంటాడు.

రంజాన్ ముందు వారం వచ్చింది. కువైట్‌లో ఇళ్ళకు కొత్త సోఫాలు, కొత్త పరదాలు వేసుకునే రోజులు. గురువారం సాయంత్రం నడవలో ఇసుక వేస్తే రాలదు. రైలు ముందు పెట్టె నిండా జనం. వెనక రెండు పెట్టెల్లో పరుపులు కప్పును తాకుతున్నాయి. సరిగ్గా మునాఫ్ కొట్టు ముందుకు వచ్చేసరికి ఇంజను ఒక ఊపు ఊగి ఆగిపోయింది. పెంచల్ మీట తిప్పాడు. దీపాలు ఆరిపోయాయి. కూత కూడా సగంలో మూలిగి పోయింది.

నడవ మూసుకుపోయింది. అటువాళ్ళు అటే, ఇటువాళ్ళు ఇటే. సిరియా ఆయన రెండు చేతులా ఫోన్లు పట్టుకుని పరిగెత్తుకొచ్చాడు. తివాచీల వ్యాపారి వచ్చాడు. కారు స్టార్టు చేసి పెట్టుకున్నామని కొన్నవాళ్ళు వచ్చారు. హుసామ్ వచ్చాడు. అందరూ ఒకేసారి పెంచల్ మీద పడ్డారు.

"నా సరుకు!"

"నాకు ఇఫ్తారు గది పరదాలు ఈ రోజే కట్టాలి!"

"ఇప్పుడెట్లా? ఇప్పుడెట్లా?"

పెంచల్ ఇంజను మీదికెక్కి నిలబడ్డాడు. అతని గొంతు అంత పెద్దదని అతనికే తెలియదు. "పోయిన రంజానుకు ఈ రైలు ఉండిందా? మీరు పరుపులు అమ్మలేదా? పరదాలు కట్టలేదా? అప్పుడెట్ల చేసినారో ఇప్పుడూ అట్లే చేయండి!" తెలుగులో మొదలుపెట్టి అరబ్బీలో ముగించాడు.

అప్పుడు అందరికీ అరబానాలు గుర్తొచ్చాయి. అవి మునాఫ్ కొట్టు పక్కన గోడకు ఆనించి ఉన్నాయి. ఇరవై మందిలో పని లేక వేరే చోటికి పోయినవాళ్ళు పోగా మిగిలిన పది మందీ అక్కడే కూర్చుని ఉన్నారు. సిద్ధయ్య తీరిగ్గా టీ ఊదుకుంటున్నాడు. లేవలేదు.

హుసామ్ వెళ్ళి "యల్లా, యల్లా" అన్నాడు. ఎవరూ కదల్లేదు. హుసామ్ తిరిగి పెంచల్ వైపు చూశాడు.

పెంచల్ దిగి వెళ్ళి సిద్ధయ్య ముందు గొంతుక్కూర్చున్నాడు. "సిద్ధన్నా, తిట్టాలంటే రూములో తిట్టు. ఇప్పుడు లెయ్."

"లేస్తా. రేపు బ్యాటరీ మారుస్తారు. ఎల్లుండి మళ్ళా నీ బండి మా ముందర నుంచి పోతాది. మేం ఈన్నే కూచుంటాం. అంతే కదా?"

"ఏం చేయమంటావు? చెప్పు."

"ఈడ ఆపాల. రైలు ఈడ ఆగితే మధ్య అంగళ్ళ సరుకు మేమే ఎక్కిస్తాం, మేమే దించుతాం. రెండు గేట్ల దగ్గర గూడా దించేది మేమే. ఆ అంగళ్ళ పిల్లోళ్ళు గాదు. రైలు నుంచి కారు దాకా మా బండి. ఆ మాట నీ మేనేజరుతో చెప్పించు."

పెంచల్ ఆ మాటలు హుసామ్‌కు అరబ్బీలో చెప్పాడు. బ్యాటరీ ఖర్చు గురించి హుసామ్ ఏదో అనబోయాడు. సిరియా ఆయన ఆయన భుజం పట్టుకుని కుదిపాడు. "ఒప్పుకో అఖీ, ఒప్పుకో సోదరా! నా పరదాలు!"

"ఖలాస్, సరే," అన్నాడు హుసామ్. "ఇక్కడ ఆపుతాం."

సిద్ధయ్య గ్లాసు కింద పెట్టి లేచాడు. మిగిలినవాళ్ళూ లేచారు. ముందు పరుపులన్నీ దించి అరబానాలకెక్కించారు. ఖాళీ అయిన రైలును పది మందీ వెనక నుంచి తోస్తుంటే, పెంచల్ స్టీరింగు పట్టుకున్నాడు. పెట్టెలో నుంచి దిగకుండా కూర్చున్న ఒక పిల్ల కేరింతలు కొట్టింది. ఆ సాయంత్రమంతా అరబానాలు పాతరోజుల్లో లాగా నడవ ఈ చివర నుంచి ఆ చివరకు తిరిగాయి. మునాఫ్ పాలు చాలక రెండుసార్లు మనిషిని పంపాడు.

మాట ప్రకారం మధ్యలో స్టాపు వచ్చింది. రంజాన్ దాటాక సరుకు ఇంకా పెరిగింది. వేరే చోటికి పోయిన అరబానావాళ్ళలో కొందరు తిరిగొచ్చారు. కొందరు రాలేదు. ఒకాయన ఏకంగా సొంత ఊరికే వెళ్ళిపోయాడని తరువాత తెలిసింది. సిద్ధయ్య మళ్ళీ పెంచల్‌తో కలిసి వండుకుంటున్నాడు. అలాగని సంతోషంగా ఉన్నాడని కాదు.

"ముందు నా బండి, నా కాళ్ళు. ఆపుదామనుకుంటే ఆపేవాణ్ణి. ఇప్పుడు నీ కూత వినబడితే నోట్లో ముద్ద వదిలి పరిగెత్తాల" అంటాడు.

"నేను మాత్రం తప్పించుకున్నానా సిద్ధన్నా? ఆ కూతకు నేనూ పరిగెత్తాల్సిందే" అంటాడు పెంచల్.

అరుణజ్యోతి పనిచేసే ఇంటి మామా ఒక రోజు పిల్లలతో వచ్చింది. అరుణజ్యోతీ వెంట వచ్చింది. రైలెక్కి చివరి దాకా పోయి దిగాక, "బాగనే ఉండాది గానీ బెంచీలు గట్టిగుండాయి. నువ్వు గూడా అందరి మింద అరుస్తాండావు" అంది. పెంచల్ ఆమె కొంగుకు అంటిన ఐస్‌క్రీము చూపించాడు, అంతే.

స్టాపు పెరగడంతో వేళలు తప్పాయి. వేళలు తప్పడంతో సిరియా ఆయన మళ్ళీ రోడ్డెక్కాడు. వెనక గేటు అంగళ్ళకు అద్దె పెంచుతున్నారని ఆయనకు అప్పటికే మంటగా ఉంది. అబూ మిషారికి మాత్రం సంబరం తగ్గలేదు. రెండో రైలు కొన్నాడు. దాన్ని నడపమంటే సిద్ధయ్య ససేమిరా అన్నాడు. చివరికి గంగులయ్య అనే కొత్త మనిషిని పెట్టారు. ఇంటి కార్లు నడిపి వచ్చినవాడు, ఎవరి మాటా విననివాడు.

మొదటి రోజే, మంచాల అంగడి ముందు రెండు ఇంజన్లూ ఎదురెదురుగా వచ్చి ఆగాయి. నడవలో రెంటికీ చోటు లేదు.

"వెనక్కి పో" అన్నాడు పెంచల్.

"నేనెందుకు పోవాల? నేను బయల్దేరింది నీకంటే ముందు."

"నా వెనక పెట్టెల్లో పరుపులుండాయి."

"నా పెట్టెల్లో జనం ఉండారు. పరుపులకు తొందరేముండాది?"

రెండు వైపులా అంగళ్ళవాళ్ళు బయటికొచ్చి ఎవరు వెనక్కి పోవాలో చెప్పసాగారు. హుసామ్ ఎటు వైపు నుంచి వచ్చినా దారి లేక దూరం నుంచే చేతులు ఊపుతున్నాడు. మూడు పెట్టెలున్న బండిని వెనక్కి నడపడమంటే, ఒక పెట్టె ఎడమకు పోతే రెండోది కుడికి పోతుంది. అది గంగులయ్యకు ఎలాగూ చేతకాదని పెంచల్‌కు అర్థమైంది.

"ఈ పొద్దుకు నేను పోతా. రేపటి నుంచి మధ్య స్టాపు కాడ ఒకరు నిలబడాల, రెండోవాడు వచ్చి దాటినాకనే కదలాల. విన్నావా?" అన్నాడు.

"సూద్దాం" అన్నాడు గంగులయ్య.

పెంచల్ పళ్ళు నూరుకుంటూ మెడ వెనక్కి తిప్పి, సిద్ధయ్యను కేకేసి, పెట్టెలు గోడకు తగలకుండా చూడమని, అంగుళం అంగుళంగా వెనక్కి నడపడం మొదలుపెట్టాడు.